రక్తపు సంచి మీద లేని కులం

కొండాపూర్‌లో నివసించేవారి ఫోన్లకు తరచూ ఒక సందేశం వస్తుంటుంది. ఆసుపత్రి పేరు, రోగి వయసు, కావలసిన బ్లడ్ గ్రూపు, ఫోన్ చేయవలసిన నంబరు, అంతే. వానాకాలంలో డెంగీ రోగులకు ప్లేట్‌లెట్లు కావాలి. మిగిలిన రోజుల్లో రోడ్డు ప్రమాదాల బాధితులకు, కాన్పు కష్టమైన తల్లులకు, తలసీమియా పిల్లలకు రక్తం కావాలి. అపార్ట్‌మెంటు వాట్సాప్ బృందంలో పడిన ఆ నాలుగు ముక్కలు కాసేపట్లోనే ఆఫీసు బృందానికి, అక్కడినుంచి పాత కాలేజీ మిత్రుల బృందానికి చేరతాయి. కొత్తగూడ నుంచో, మసీదుబండ నుంచో, హఫీజ్‌పేట నుంచో ఎవరో ఒక అపరిచితుడు బండి తీసి బయలుదేరతాడు. ఇచ్చేవాడి కులమేమిటని రోగి బంధువులు అడగరు. పుచ్చుకునేవారి కులమేమిటని ఇచ్చేవాడూ అడగడు.

అదే ఫోనులో, ఆ సందేశానికి కాస్త పైనో కిందనో, మరో రకం సందేశాలుంటాయి. కులం, ఉపకులం, గోత్రం, జీతం, వీసా వివరాలతో పెళ్లి సంబంధాల ప్రకటనలు ఉంటాయి. శాకాహారులకు మాత్రమే ఇస్తామనే షరతుతో అద్దె ఇంటి వివరాలు ఉంటాయి. కార్తీకం వచ్చిందంటే ఫలానా కులంవారి వనభోజనాలకు ఆహ్వానాలు ఉంటాయి. రక్తం తీసుకునేటప్పుడు ఒక్క మాటైనా అడగని మనిషే పిల్లనిచ్చేటప్పుడు ఏడు తరాలు అడుగుతాడు. ఈ రెండు రకాల సందేశాలూ ఒకదానినొకటి ఏమాత్రం ఇబ్బంది పెట్టకుండా ఒకే ఫోనులో ఎలా ఇమిడి ఉంటున్నాయి? ఐటీ నడవాలో కులం లేదని చెప్పేవారూ, ఉన్నదని చెప్పేవారూ ఆలోచించవలసిన ప్రశ్న ఇది.

మనుషులందరి రక్తమూ ఒక్కటేనని విజ్ఞానశాస్త్రం సాయంతో కళ్లకు కట్టినట్టు చూపిస్తే ఎచ్చుతగ్గుల భావన తొలగిపోతుందన్న నమ్మకంతో 1946లో అమెరికాలో ఒక చిన్న సినిమా తీశారు. దాని పేరు 'ది బ్రదర్‌హుడ్ ఆఫ్ మ్యాన్'. నిడివి సుమారు పది నిమిషాలు. బొమ్మలతో నడిచే యానిమేషన్ చిత్రం. కొండాపూర్ ప్రశ్నకు ఆ సినిమాలో సగం జవాబు ఉన్నది. మిగతా సగం జవాబు అందులో ఎందుకు లేదో తెలుసుకుంటే కులం ఎక్కడ కాపురముంటున్నదో మనకు తేటపడుతుంది.

ఆ సినిమాకు డబ్బు పెట్టింది ఏ ధర్మసంస్థో ప్రభుత్వమో కాదు, యునైటెడ్ ఆటో వర్కర్స్ అనే కార్మిక సంఘం. దక్షిణ రాష్ట్రాల కర్మాగారాల్లో నల్ల కార్మికులనూ తెల్ల కార్మికులనూ ఒకే సంఘంలోకి తేవాలన్నది దాని ప్రయత్నం. పక్కపక్కనే పనిచేస్తూ కూడా ఒకరినొకరు నమ్మని కార్మికులకు ఉపన్యాసాలకంటే బొమ్మలు బాగా చెబుతాయని ఆ సంఘం భావించింది. యునైటెడ్ ప్రొడక్షన్స్ ఆఫ్ అమెరికా అనే స్టూడియోలో రాబర్ట్ కానన్ దర్శకత్వం వహించగా, రింగ్ లార్డ్‌నర్ జూనియర్, మారిస్ రాఫ్, జాన్ హబ్లీ, ఫిల్ ఈస్ట్‌మన్ రచన చేశారు. కొలంబియా విశ్వవిద్యాలయపు మానవశాస్త్రవేత్తలు రూత్ బెనెడిక్ట్, జీన్ వెల్ట్‌ఫిష్ 1943లో రాసిన 'ది రేసెస్ ఆఫ్ మ్యాన్‌కైండ్' అనే చిన్న పుస్తకం దానికి ఆధారం.

కథ సులువైనది. హెన్రీ అనే సామాన్యుడు ఒక ఉదయం లేచి చూస్తే ప్రపంచమంతా ముడుచుకుని అతని పెరట్లోకి వచ్చి ఉంటుంది. రకరకాల మనుషులు, రకరకాల ఇళ్లు. స్నేహంగా చేయి చాపబోతాడు. ఈలోగా అతనిలోనుంచి ఒక ఆకుపచ్చని మనిషి బయటకు వచ్చి వెనక్కు లాగుతాడు. వాళ్లు వేరు, వాళ్ల రంగు వేరు, వాళ్ల బుర్ర వేరు, వాళ్ల రక్తం వేరని చెవిలో ఊదుతాడు. వ్యాఖ్యాత ఒక్కొక్క అపోహనూ విప్పుకుంటూ పోతాడు. చర్మపు రంగు ఒక వర్ణద్రవ్యం ఎక్కువ తక్కువల ఫలితమంటాడు. మెదడు పరిమాణానికీ తెలివికీ సంబంధం లేదంటాడు. రక్తం దగ్గరకు వచ్చేసరికి నాలుగు గ్రూపుల సంగతి చెబుతాడు. ఏ జాతిని తీసుకున్నా ఆ నాలుగు గ్రూపులూ ఉంటాయనీ, ప్రాణం నిలిపే రక్తం ఏ రంగు మనిషి నుంచైనా రావచ్చుననీ బొమ్మలు చూపిస్తాయి.

ఆనాటి అమెరికాలో ఇది అమాయకమైన పాఠం కాదు. రెండో ప్రపంచ యుద్ధంలో సైనికుల కోసం అమెరికన్ రెడ్‌క్రాస్ రక్తసేకరణ ప్రారంభించినప్పుడు నల్లవారి రక్తాన్ని మొదట తీసుకోనేలేదు. నిరసనలు వచ్చాక 1942 జనవరిలో తీసుకోవడానికి ఒప్పుకుంది కాని, విడిగా గుర్తు పెట్టి విడిగా నిల్వ చేసింది. ఈ వేర్పాటు 1950 దాకా కొనసాగింది. రక్తనిధి పద్ధతులను తీర్చిదిద్దిన శాస్త్రవేత్తల్లో అగ్రగణ్యుడైన డాక్టర్ చార్లెస్ డ్రూ స్వయంగా నల్లజాతీయుడు. యుద్ధకాలపు బ్రిటన్‌కు ప్లాస్మా పంపే కార్యక్రమాన్ని నడిపించిందీ, రెడ్‌క్రాస్ తొలి రక్తనిధికి వైద్య సంచాలకుడిగా ఉన్నదీ ఆయనే. ఈ వేర్పాటుకు శాస్త్రీయమైన ఆధారమేదీ లేదని ఆయన బాహాటంగా చెప్పారు. రక్తపు సీసా మీద జాతి ముద్ర వేసే దేశంలో, రక్తానికి జాతి లేదని చెప్పే సినిమా రాజకీయ చర్యే అయింది. దానికి మూలమైన పుస్తకాన్ని సైనికులకు పంచాలనుకున్న సైన్యం 1944లో ఒక కాంగ్రెస్ సభ్యుడి అభ్యంతరంతో వెనక్కు తగ్గింది. తర్వాతి సంవత్సరాల్లో కమ్యూనిస్టు వేట మొదలైనప్పుడు లార్డ్‌నర్ జైలుకు వెళ్లారు, వెల్ట్‌ఫిష్ కొలంబియాలో ఉద్యోగం పోగొట్టుకున్నారు.

రక్తం గురించి చెప్పడానికి సినిమానే ఎందుకు ఎంచుకున్నట్టు? విజ్ఞాన చిత్రానికి రక్తం తొలినాళ్లనుంచీ చేరువైన విషయం. 1909లో పారిస్‌లో జాన్ కొమాండన్ అనే వైద్యుడు, పాథే సంస్థ సహాయంతో, సూక్ష్మదర్శినికి కెమెరా తగిలించి రక్తంలో కదలాడే సూక్ష్మజీవులను తెరమీద చూపించాడు. అంతకుముందు ఒక్కొక్కరే కన్ను ఆనించి చూడవలసిన దృశ్యాన్ని సభ మొత్తం ఒకేసారి చూసింది. కనిపించని దానిని పదిమందికి కనిపించేలా చేయడమే విజ్ఞాన చిత్రపు అసలు బలం. రక్త వర్గాల పరీక్ష ఆ బలానికి సరిగ్గా సరిపోయే విషయం. ఎందుకంటే అది కంటికి తెలిసే కదలిక.

వియన్నాలో కార్ల్ లాండ్‌స్టైనర్ 1900, 1901 సంవత్సరాల్లో చేసింది చూడటానికి చిన్న పని. తనదీ, ప్రయోగశాలలోని సహచరులదీ రక్తం తీసి, ఒకరి సీరంలో మరొకరి ఎర్రకణాలను కలిపి చూశాడు. కొన్ని జతల్లో ఏమీ కాలేదు. కొన్ని జతల్లో కణాలు గుమికూడి గడ్డలు కట్టాయి. ఈ గుమికూడటంలో ఒక క్రమం ఉన్నదని అతను గ్రహించాడు. కొందరి ఎర్రకణాల మీద ఏ అనే పదార్థం ఉంటుంది, కొందరికి బీ ఉంటుంది, కొందరికి రెండూ ఉండవు. రెండూ ఉన్న ఏబీ వర్గాన్ని 1902లో అతని సహచరులు గుర్తించారు. ఏ ఉన్నవారి ప్లాస్మాలో బీని ఎదిరించే ప్రతిరక్షకం ఉంటుంది, బీ ఉన్నవారిలో ఏని ఎదిరించేది ఉంటుంది. అందుకే పొంతన లేని రక్తం ఎక్కిస్తే ప్రాణం మీదకు వస్తుంది. ఈ ఆవిష్కరణకు లాండ్‌స్టైనర్‌కు 1930లో నోబెల్ బహుమతి లభించింది. 1940లో అతనూ అలెగ్జాండర్ వీనర్ కలిసి ఆర్‌హెచ్ కారకాన్ని వెల్లడించారు. మనం నెగటివ్ అనీ పాజిటివ్ అనీ చెప్పుకునేది దానినే.

ఈ పాఠంలో కులవాదికి మింగుడుపడనిది ఒకటి ఉన్నది. రక్త వర్గం తల్లిదండ్రుల నుంచే వస్తుంది, కాని వంశానికి ఒక వర్గం అంటూ ఉండదు. తండ్రిది ఏ, తల్లిది బీ అయి, ఇద్దరిలోనూ ఓ కారకం దాగి ఉంటే వారి పిల్లలు నాలుగు గ్రూపుల్లో దేనితోనైనా పుట్టవచ్చు. అప్పుడు ఒకే కడుపున పుట్టిన ఏ గ్రూపు తమ్ముడికి బీ గ్రూపు అన్న రక్తం పనికిరాదు. ఎక్కడో ఊరి చివర పుట్టి, ఏనాడూ ఆ ఇంటి గడప తొక్కని ఏ గ్రూపు మనిషి రక్తం పనికి వస్తుంది. తెలుగులో 'రక్తసంబంధం' అనే మాటకు మనమిచ్చే అర్థాన్ని ప్రయోగశాలలోని గాజుపలక తలకిందులు చేసింది. మా రక్తమే వేరు, మా వంశమే వేరని తెరమీద తొడగొట్టే కథానాయకుడికి ప్రమాదం జరిగితే, అతని గ్రూపు కలిసే మనిషి ఏ వాడలో దొరుకుతాడో ఎవరూ చెప్పలేరు.

అయితే రక్త వర్గాల శాస్త్రం పుట్టుకతోనే సమతను బోధించిందని అనుకుంటే పొరపాటు. దాని తొలి ఉపయోగాల్లో ఒకటి మనుషులను జాతులుగా విడగొట్టడం. మొదటి ప్రపంచ యుద్ధకాలంలో గ్రీసులోని సలోనికాలో లుడ్విక్ హిర్ష్‌ఫెల్డ్, హన్నా హిర్ష్‌ఫెల్డ్ దంపతులు వివిధ దేశాల సైనికుల రక్తం పరీక్షించారు. మొత్తం సుమారు ఎనిమిది వేలమంది. వారిలో భారతీయ సిపాయిలూ ఉన్నారు. యూరప్ వారిలో ఏ ఎక్కువ, భారతీయుల్లో బీ ఎక్కువ అని గమనించి, మానవజాతికి రెండు వేర్వేరు మూలాలు ఉండి ఉంటాయని 1919లో ప్రకటించారు. ఆ సిద్ధాంతం నిలబడలేదు. కాని జాతివాదులకు అదొక కొత్త కొలబద్ద అయింది. యూదు మూలాలున్న లుడ్విక్ హిర్ష్‌ఫెల్డ్‌నే నాజీలు తర్వాత వార్సా గెట్టోలోకి నెట్టారు.

మన దేశంలోనూ ఇదే జరిగింది. 1901 జనగణనను నడిపించిన హెర్బర్ట్ రిస్లే ముక్కు వెడల్పును కొలిచి, కులపు అంతస్తు దానిని బట్టి ఉంటుందని వాదించాడు. తర్వాతి తరంలో ముక్కు కొలతల సరసన రక్తపు నమూనాలు చేరాయి. డి.ఎన్. మజుందార్ వంటి మానవశాస్త్రవేత్తలు కులాలవారీగా, తెగలవారీగా రక్త వర్గాలను నమోదు చేశారు. వారందరి ఉద్దేశమూ ఒకటి కాదు. అయినా కులాన్ని శరీరంలో వెతికే అలవాటుకు ఆ పట్టికలు ఊతమిచ్చాయి.

ఆ పట్టికలనే తిరగేసి చదివినవాడు రిచర్డ్ లెవాంటిన్. ప్రపంచం నలుమూలల నుంచి అప్పటికి పోగైన రక్త వర్గాల, రక్తంలోని ప్రోటీన్ల సమాచారాన్ని తీసుకుని, మనుషుల మధ్య ఉన్న జన్యు వైవిధ్యం ఎక్కడ ఎంత ఉన్నదో 1972లో లెక్క కట్టాడు. మొత్తం వైవిధ్యంలో సుమారు 85 శాతం ఏ ఒక్క జనసమూహాన్ని తీసుకున్నా దాని లోపలే ఉన్నదని తేలింది. జాతికీ జాతికీ మధ్య ఉన్నది అందులో చిన్న భాగం. జాతులను వేరు చేయడానికి పోగుచేసిన సమాచారమే జాతి భావనకు పునాది లేదని చెప్పింది.

అంబేడ్కర్ ఈ వాదనను చాలా ముందే, చేతికందిన ఆధారాలతోనే చేశారు. 1936 నాటి 'కుల నిర్మూలన'లో కులవ్యవస్థ జాతుల విభజన కాదనీ, ఒకే జాతి ప్రజలను సామాజికంగా విడగొట్టడమనీ వాదించారు. పంజాబు బ్రాహ్మణుడికి మద్రాసు బ్రాహ్మణుడితో కంటే పంజాబు చమార్‌తోనే జాతిపరమైన దగ్గరితనం ఉన్నదని చూపించారు. 1948లో అంటరానివారి గురించి రాసిన గ్రంథంలో ముక్కు కొలతల లెక్కలనే తీసుకుని, వాటితోనే అంటరానితనానికి జాతిమూలం లేదని నిరూపించబూనుకున్నారు. రక్తం ఒక్కటేనన్న మాట ఆయనకు కొత్త కాదు. కాని ఆయన అక్కడ ఆగలేదు. మన చర్చ మాత్రం చాలాసార్లు అక్కడే ఆగిపోతున్నది.

అమెరికా జాత్యహంకారానికీ మన కులానికీ ఇక్కడ ఒక తేడా ఉన్నది. అక్కడ రక్తపు సీసా మీద జాతి రాశారు. ఇక్కడ రక్తపు సంచి మీద గ్రూపు ఉంటుంది, యూనిట్ నంబరు ఉంటుంది, సేకరించిన తేదీ, గడువు తేదీ ఉంటాయి, కులం ఉండదు. డబ్బుకు రక్తం అమ్ముకునే పద్ధతిని 1996లో సుప్రీంకోర్టు తీర్పు ఆపమన్నది, 1998 జనవరి నుంచి అది నిషిద్ధమైంది. అంతకుముందు రక్తం అమ్ముకున్నది ఎక్కువగా పేదలే. అంటరానివారిగా చూడబడినవారి రక్తం, చూసినవారి నరాల్లో ఎన్ని దశాబ్దాలుగా ప్రవహిస్తున్నదో లెక్క లేదు. మరి కులానికి ఏమైంది? ఏమీ కాలేదు.

ఎందుకు కాలేదో మన సంప్రదాయమే చెబుతుంది. దానికి ఆపద్ధర్మం అని పేరు. ఛాందోగ్యోపనిషత్తులో ఉషస్తి చాక్రాయణుడి కథ ఉన్నది. కరువులో ఆకలికి తాళలేక ఆయన ఒక మావటివాడిని యాచించి, అతను తింటున్న గుగ్గిళ్లనే తీసుకుని తింటాడు. నీళ్లు కూడా తాగమంటే మాత్రం ఎంగిలి అని నిరాకరిస్తాడు. గుగ్గిళ్లు మాత్రం ఎంగిలి కాదా అని మావటి అడిగితే, అవి తినకపోతే ప్రాణం నిలిచేది కాదు, నీళ్లు మరోచోట దొరుకుతాయని జవాబిస్తాడు. ప్రాణాపాయంలో నియమం సడలుతుంది, ప్రాణం కుదుటపడగానే నియమం తిరిగి వస్తుంది. శుద్ధి అశుద్ధి వ్యవస్థ ఇంతకాలం బతికింది మొండితనం వల్ల మాత్రమే కాదు, ఈ సడలింపు వల్ల కూడా. ఆసుపత్రి మంచం మీద పరాయి కులపు రక్తం ఎక్కించుకోవడం మన కాలపు గుగ్గిళ్లు. ఇంటికి వచ్చాక అదే కులపు అల్లుణ్ని వద్దనడం మన కాలపు నీళ్లు.

పైగా ఆ సంచి వెనుక ఉన్న మనిషి కనిపించడు. పేరు లేదు, ఊరు లేదు, వాడ లేదు. కులం మనుషుల మధ్య సంబంధాలను శాసించేది. సంబంధమే లేని చోట దానికి పని లేదు. అందుకే ఎవరి రక్తమైనా ఎరుపేనన్న మాట మన వేదికల మీద ఇంత సులువుగా చెల్లుబాటవుతున్నది. ఆ మాట అన్నందుకు ఎవరూ ఏదీ వదులుకోనక్కరలేదు. మనుషులందరిదీ ఒకే రక్తమని కార్తీక వనభోజనాల సభలో కూడా నిరభ్యంతరంగా ఉపన్యసించవచ్చు.

ఆ వాదనలో మరో చిక్కు కూడా ఉన్నది. తెలుగు సినిమా కులాన్ని ప్రశ్నించిన తొలి ఘట్టాల్లో గూడవల్లి రామబ్రహ్మం 1938లో తీసిన 'మాలపిల్ల' ముఖ్యమైనది. బ్రాహ్మణ యువకుడూ హరిజన యువతీ ప్రేమించుకునే కథను ఆనాడు తెరకెక్కించడం సాహసం. అందులో ఛాందసుడైన పూజారి మనసు మారడానికి, ఆయన భార్యను మంటల్లోంచి ఒక హరిజనుడు కాపాడవలసి వచ్చింది. తర్వాతి కాలంలో ఆ మంటల స్థానంలోకి రక్తదానం వచ్చి చేరింది. తక్కువగా చూడబడినవాడు రక్తమిస్తాడు, ఎక్కువవాడు కన్నీళ్లతో మారతాడు. ఉద్దేశం మంచిదే. కాని ఈ కథలో పరీక్షకు నిలబడుతున్నది ఎవరు? తప్పు చేసినవాడు కాదు, తప్పుకు గురైనవాడు. తన మనిషితనాన్ని రుజువు చేసుకోవడానికి అతను ముందు ఎవరి ప్రాణమో కాపాడాలి. ఎవరికీ రక్తమివ్వని దళితుడు కూడా సమానుడే. రక్తహీనతతో ఒక్క చుక్క ఇవ్వలేని కూలి స్త్రీ కూడా సమానురాలే. ఉపయోగపడటం గౌరవానికి షరతు కాకూడదు. 'ది బ్రదర్‌హుడ్ ఆఫ్ మ్యాన్' వంటి మంచి చిత్రం కూడా ఈ చిక్కును పూర్తిగా తప్పించుకోలేదు.

మరి కులం నివాసం ఎక్కడ? దీనికి జవాబు ఆ సినిమాకు ముప్పై ఏళ్ల ముందే, అదే కొలంబియా విశ్వవిద్యాలయంలో వినిపించింది. 1916 మే నెలలో మానవశాస్త్రవేత్త గోల్డెన్‌వైజర్ నిర్వహించిన చర్చావేదికలో పాతికేళ్ల అంబేడ్కర్ భారతదేశంలో కులాల గురించి పత్రం చదివారు. కులానికి సారం అంతర్వివాహమేనని, అంటే తమలో తామే పెళ్లిళ్లు చేసుకోవడమేనని ఆయన తేల్చారు. అదే విశ్వవిద్యాలయపు మానవశాస్త్రం నుంచి పుట్టిన 1946 చిత్రం చదువు, వైద్యం, ఉద్యోగం అందరికీ సమానంగా అందాలన్న పిలుపు దగ్గర ముగిసింది. అది చిన్న పిలుపు కాదు. కాని ఆనాటికి అమెరికాలోని అనేక రాష్ట్రాల్లో నల్లవారికీ తెల్లవారికీ మధ్య పెళ్లి చట్టరీత్యా నేరం. రక్తనిధిలో అడ్డుగోడ 1950లో కూలింది. పెళ్లి మీద చట్టపు నిషేధం పోవడానికి 1967 సుప్రీంకోర్టు తీర్పు దాకా ఆగవలసి వచ్చింది. రక్తం దాటిన గడపను పెళ్లి దాటడానికి మరో పదిహేడేళ్లు పట్టింది.

మన దగ్గర కులాంతర వివాహాన్ని చట్టం నిషేధించదు, ప్రోత్సహిస్తుంది కూడా. అయినా 2011-12 నాటి భారత మానవాభివృద్ధి సర్వేలో కులాంతర వివాహాలు సుమారు అయిదు శాతమే. చట్టం అనుమతించిన దానిని కుటుంబం ఎలా శిక్షిస్తుందో తెలుగు నేలకు తెలుసు. 2018 సెప్టెంబర్ 14న మిర్యాలగూడలో, గర్భిణి అయిన భార్యను ఆసుపత్రిలో చూపించి బయటకు వస్తున్న దళిత యువకుణ్ని నరికి చంపారు. ఆమె తండ్రే హంతకులను పురమాయించాడని పోలీసులు అభియోగం మోపారు. 2025 మార్చిలో నల్లగొండ కోర్టు ఒకరికి మరణశిక్ష, ఆరుగురికి యావజ్జీవం విధించింది. 2020 సెప్టెంబర్‌లో, కొండాపూర్‌కు ఆనుకునే ఉన్న గచ్చిబౌలి నుంచి కొత్త దంపతులను ఎత్తుకుపోయారు. భార్య తప్పించుకోగలిగింది, భర్త శవం సంగారెడ్డి జిల్లాలో దొరికింది. అక్కడ అరెస్టయిందీ అమ్మాయి బంధువులే. ఏ ఆసుపత్రి అయినా గర్భిణి చీటీ మీద రక్త వర్గం రాస్తుంది. దాని పక్కన కులం గడి ఉండదు. ఆ గడి ఆసుపత్రి గేటు బయట ఉంటుంది.

ఈ పెళ్లి నియమం తన ఆనవాళ్లను శరీరంలో వదిలిపెట్టింది. హైదరాబాదుకు మరో కొసన, హబ్సిగూడలో ఉన్న సీసీఎంబీ శాస్త్రవేత్తలు కుమారస్వామి తంగరాజ్, లాల్జీ సింగ్ అమెరికన్ శాస్త్రవేత్త డేవిడ్ రైక్ బృందంతో కలిసి 2009లో 25 భారతీయ సమూహాల జన్యువులను పరిశీలించారు. 2013 నాటి మరో అధ్యయనం సుమారు 4,200 ఏళ్ల నుంచి 1,900 ఏళ్ల క్రితం మధ్యకాలంలో ఈ ఉపఖండపు జనసమూహాలు విస్తారంగా కలిసిపోయాయని చూపింది. ఆ తర్వాత కలయిక ఆగింది. అంటే మొదట అందరూ కలిశారు, తర్వాత తలుపులు మూసుకున్నారు. కులశుద్ధి అనాదిగా ఉన్నదన్న వాదనకు ఇంతకంటే గట్టి జవాబు అక్కరలేదు.

మూసుకున్న తలుపులకు వెల కూడా ఉన్నది. తెలుగు ప్రాంతపు వైశ్యుల్లో రెండు మూడువేల ఏళ్లుగా బయటి పెళ్లిళ్లు దాదాపు లేవని ఈ పరిశోధనలు సూచించాయి. వారిలో కొందరికి ఒక ఎంజైము లోపం ఉంటుంది. శస్త్రచికిత్సకు ముందు ఇచ్చే ఒక కండరాల మందు వారి శరీరంలో త్వరగా విరగదు, ఊపిరి తీసే కండరాలు గంటలతరబడి స్తంభించే ప్రమాదం ఉన్నది. 1952లో బొంబాయి వైద్యుడు వై.ఎం. భెండే బృందం వెల్లడించిన 'బాంబే గ్రూపు' కథా ఇలాంటిదే. ఈ గ్రూపువారి ఎర్రకణాల మీద ఏ, బీలకు ఆధారమైన హెచ్ అనే పదార్థమే ఉండదు. మామూలు పరీక్షలో ఓ అని కనిపిస్తారు, కాని ఓ రక్తం కూడా వారికి పడదు. తమలాంటివారి రక్తమే కావాలి. తల్లి నుంచి ఒకటి, తండ్రి నుంచి ఒకటి, రెండు లోపపు జన్యువులు కలిస్తేనే ఇది వస్తుంది కనుక దగ్గరి పెళ్లిళ్లలో దానికి అవకాశం ఎక్కువ.

ఇక్కడొక హెచ్చరిక అవసరం. ఈ ఆనవాళ్లు చూపి కులానికి జన్యు పునాది ఉన్నదని వాదించేవారు బయలుదేరారు. గోడ నీడ నేలమీద పడితే, ఆ నీడ కోసమే గోడ కట్టారని ఎవరూ అనరు. ఈ భేదాలు కులనియమపు ఫలితాలే తప్ప దానికి కారణాలు కావు. ఏ ఎంజైము లోపమూ ఏ సమూహాన్నీ తక్కువ చేయదు, ఏ రక్త వర్గమూ ఏ సమూహాన్నీ ఎక్కువ చేయదు. పెళ్లి గడపలు తెరుచుకుంటే ఈ ఆనవాళ్లు కొన్ని తరాల్లో పలచబడతాయి.

1998లో సైబర్ టవర్స్ తలుపులు తెరిచినప్పుడు ఈ నడవా కొత్త లోకమని అందరూ అనుకున్నారు. ఊరి పేర్లు, వాడ పేర్లు వెనుక వదిలి అందరూ ఉద్యోగి సంఖ్యలతో కలిసి బతుకుతారని ఆశపడ్డారు. కాని ఇక్కడినుంచి వెళ్లినవారు ఎక్కువగా చేరే సియాటిల్ నగరమే 2023 ఫిబ్రవరిలో కుల వివక్షను నిషేధిస్తూ శాసనం చేసుకోవలసి వచ్చింది. అజ్ఞానమే కులానికి కారణమైతే, రక్త వర్గాల పాఠాన్ని పదో తరగతిలోనే చదివి, పరీక్షలో రాసి, కొండాపూర్ దాకా వచ్చిన తరంలో అది ఉండకూడదు. ఉన్నది. కాబట్టి లోపం తెలియకపోవడంలో లేదు, తెలిసినదానిని ఇంటి గుమ్మం బయట చెప్పులతో పాటు వదిలి లోపలికి వెళ్లడంలో ఉన్నది.

అందుకని 'ది బ్రదర్‌హుడ్ ఆఫ్ మ్యాన్'ను కాలం చెల్లిన బొమ్మల సినిమాగా పక్కన పెట్టనక్కరలేదు. విశ్వవిద్యాలయ వసతి గృహాల్లో, ఆఫీసుల రక్తదాన శిబిరాల్లో, రక్తమిచ్చాక పళ్లరసం తాగుతూ కూర్చునే ఆ పది నిమిషాల్లోనే దానిని చూపించవచ్చు. సినిమా ముగిశాక ఒక్క ప్రశ్న అడగాలి. మీ రక్తం ఎవరికి వెళ్తుందో అడగకుండా ఇచ్చారు, సంతోషం. మీ ఇంట్లో పెళ్లి మాట వచ్చినప్పుడు కూడా అలాగే అడగకుండా ఉండగలరా? హెన్రీలోని ఆకుపచ్చని మనిషి ఆ ప్రశ్న దగ్గరే మళ్లీ లేచి నిలబడతాడు. ఈ కాలపు విజ్ఞాన చిత్రం మొదలు కావలసింది అక్కడినుంచే. గాజుపలక మీద గడ్డకట్టే చుక్కను చూపితే ఇక చాలదు. పెళ్లి ప్రకటనను, అద్దె ఇంటి షరతును, కన్నకూతురి మీదకే కత్తి పంపే పరువును అదే సూక్ష్మదర్శిని కింద పెట్టాలి.

రక్తపు సంచి మీద కులం లేకపోవడం మన సమాజపు ఘనత కాదు, అది ఆపద్ధర్మం. పెళ్లి చీటీ మీద కూడా కులం లేని రోజున దానిని ధర్మం అనవచ్చు.